సగం బిరుదులు

ఇప్పుడు ఏ పటంలో వెతికినా కనబడదు గానీ, వెనకటికి మణిసాల అని ఒక రాజ్యం ఉండేది. దాన్నేలే ఉద్దండవర్మకు తన బిరుదులంటే మహా పిచ్చి. ఆయన సభలో అడుగుపెడుతుంటే వందిమాగధుడు కొమ్మన ముప్పై రెండు బిరుదులూ గుక్క తిప్పుకోకుండా చదివేవాడు. అబ్బ, ఏం గొంతు! ఆ రోజులే వేరు.

ఆ కొమ్మన కాస్తా విషజ్వరంతో పోయాడు. ఇంట్లో వినీ వినీ అతని భార్య తిప్పమ్మకూ బిరుదులన్నీ కంఠతా వచ్చేశాయి. ఇద్దరు పసిపిల్లలతో మిగిలిందని జాలిపడి రాజు ఆ కొలువు ఆమెకే ఇచ్చాడు. మంత్రి అచ్యుతామాత్యుడు మాత్రం జీతం సగానికి కోసేశాడు.

"మగడు పోయాడని దయతలచి ఇచ్చిన కొలువు ప్రభూ, సగం చాలు!" అన్నాడు. రాజుగారు తల ఊపి ముద్ర వేసేశారు.

సభలో హాస్యం చెప్పే ముసలి పేరయ్యకు ఈ సంగతి తెలిసి మనసు చివుక్కుమంది. కొమ్మన ఆయనకు చిన్ననాటి నేస్తం. కోట అరుగు మీద కూర్చుని, ఒకే మూటలోని అటుకులు ఇద్దరూ లాక్కుని తిన్న రోజులు కళ్ళముందు మెదిలాయి. తిన్నగా తిప్పమ్మ ఇంటికి వెళ్ళాడు.

"పనేమన్నా తక్కువ చేస్తున్నావా తల్లీ?"

"లేదన్నగారూ, ముప్పై రెండూ చదువుతున్నాను. పిల్లలకు మాత్రం రాత్రిపూట గంజే."

"అయితే రేపు పదహారు చదివి ఊరుకో. మాటొస్తే నేను పడతాను."

మర్నాడు పదహారో బిరుదు దగ్గర తిప్పమ్మ ఆగిపోయింది. సింహాసనం మెట్టు మీద ఒక కాలు పెట్టిన రాజు అలాగే నిలబడిపోయాడు.

"తక్కినవేవీ?" అని గర్జించాడు. తిప్పమ్మ పేరయ్య వైపు చూసింది.

పేరయ్య లేచాడు. "ఆమె తప్పు లేదు ప్రభూ, చెప్పింది నేను. ఏలినవారి ఆజ్ఞే అమలు జరిపించాను."

"నా ఆజ్ఞా?"

"ఇంటిపెద్ద పోయాక ఆ కొలువులోకి వచ్చినవారికి సగమే అని ముద్ర వేశారు కదా! పెద్ద ప్రభువులు స్వర్గస్థులయ్యాకేగా తమరు ఈ గద్దె ఎక్కింది?"

"ఎంత పొగరు!" అని మంత్రి ఎగిరిపడ్డాడు.

పేరయ్య అతని వంక చూడనైనా లేదు. "అప్పటికి తమకు పద్దెనిమిదేళ్ళు. యుద్ధం మొహమే ఎరగరు. ఈ బిరుదులన్నీ నాన్నగారు గెలుచుకున్నవి. పట్టాభిషేకం నాడు ఆయన్ను తలుచుకుని తమరు కళ్ళు తుడుచుకుంటున్నారు. మా కొమ్మన ముప్పై రెండూ చదివాడు. ఒక్కటీ కొయ్యలేదు ప్రభూ."

 రాజు మెట్టు మీది కాలు వెనక్కి తీసుకున్నాడు. ఉన్నట్టుండి పకపకా నవ్వి మంత్రివైపు తిరిగాడు.

"ఏమండీ అమాత్యా, మీ నాన్నగారు పోయిన నెలకేగా మీరు మంత్రయింది?"

అచ్యుతామాత్యుడు గబగబా గంటం అందుకున్నాడు. "పూర్తి జీతం ప్రభూ! చేరిన నాటి నుంచీ! ఇలా కొలువులోకి వచ్చిన వాళ్ళందరికీ!"

రాజు తన మెడలోని ముత్యాల హారం తీసి పేరయ్య మెడలో వేశాడు. ఆపైన తిప్పమ్మతో మెల్లగా అన్నాడు.

"మొదటి నుంచీ చదువమ్మా. నా పేరుతో వద్దు, మా నాన్నగారి పేరుతో చదువు."

తిప్పమ్మ గొంతెత్తింది. పేరయ్య ఉత్తరీయంతో కళ్ళొత్తుకున్నాడు.