కిర్రు చెప్పుల అచ్చమ్మ

అనగనగనగా, బంగారూ, ఎండలు మండే ఊరొకటి. ఆ ఊరి మునసబుగారికి కిర్రు చెప్పులుండేవి. అడుగు వేస్తే కిర్రు, అడుగు తీస్తే కిర్రు.

అవి కుట్టింది గురవయ్య. తోళ్ళ మధ్య ఏం పెట్టి కుట్టేవాడో, నాకిప్పటికీ ఆశ్చర్యమే. ఆ చప్పుడు వినబడితే అరుగుల మీద వాళ్ళంతా తల దించుకుని లేచి నిలబడాలి. గురవయ్య పేట వాళ్ళయితే, మునసబు ఉన్నా లేకున్నా, ఆయన ఇల్లున్న బజారు రాగానే చెప్పులు విప్పి చంకలో పెట్టుకోవాలి. విప్పకపోతే దెబ్బలే.

గురవయ్య తల్లి అచ్చమ్మ మంత్రసాని. ఊళ్ళో పిల్లలంతా ఆమె చేతుల్లోనే పుట్టారు. రోహిణి కార్తె ఎండలో ఆ బజారు దాటీ దాటీ ఆమె అరికాళ్ళు బొబ్బలెక్కాయి.

"ఇక కాన్పులకి పోలేనురా గురవా," అంది.

అప్పుడు గురవయ్య తల్లికి చెప్పులు కుట్టాడు. అవి మునసబు చెప్పులకంటే గట్టిగా కిర్రుమనేవి.

"విప్పకుండా వెళ్ళమ్మా. వచ్చేది ఎవరో తలెత్తి చూసే అలవాటు ఆ అరుగుల వాళ్ళకి లేదు," అన్నాడు.

ఆ తర్వాత ఒక మిట్టమధ్యాహ్నం మునసబు కూతురికి నొప్పులొచ్చాయని కబురొచ్చింది. అచ్చమ్మ బయల్దేరింది. కిర్రు కిర్రు.

ముందు కొట్టు శెట్టి లేచాడు, తల దించుకుని. అప్పుడు కరణం లేచాడు, చుట్ట వెనక్కి దాచుకుని. ఆ తర్వాత తన ఇంటి ముందున్న మునసబు విన్నాడు. నా చెప్పులు నా కాళ్ళకే ఉన్నాయే, ఇంత చప్పుడంటే వచ్చేది తహసీల్దారే అనుకున్నాడు. గబగబా తన చెప్పులు విప్పి, చంకలో పెట్టుకుని, తల దించి, చేతులు కట్టుకు నిలబడ్డాడు.

"కూర్చోండి బాబూ, నేనే. కాన్పుకొచ్చాను," అంది అచ్చమ్మ.

మునసబు మొహం కందిపోయింది. ఆయన నోరు తెరిచేలోగా లోపల్నుంచి కూతురు, "అచ్చమ్మొచ్చిందా నాన్నా," అని మూలిగింది. ఆయన పక్కకి తప్పుకుని దారిచ్చాడు.

పొద్దు వాలేసరికి ఆడపిల్ల పుట్టింది.

"ఏం కావాలే అచ్చమ్మా?"

"చీరొద్దు, ధాన్యమొద్దు బాబూ. మా పేట వాళ్ళం ఈ బజార్లో చెప్పులేసుకు నడవాలి."

మునసబు చెప్పులు ఇంకా చంకలోనే ఉన్నాయి. వాటికేసి చూసుకున్నాడు. "నడవండి," అన్నాడు.

ఆ తర్వాత గురవయ్య తన పేటలో అందరికీ కిర్రు చెప్పులే కుట్టాడు. ఏ చప్పుడు ఎవరిదో తెలియక అరుగుల వాళ్ళు అందరికీ లేచారు. లేచి లేచి మోకాళ్ళు నొప్పెట్టి, చివరికి ఎవరికీ లేవడం మానేశారు.

కిర్రు కిర్రున కథ కంచికి,
కడిగిన కాళ్ళతో మనం ఇంటికి,
చెప్పులు గడపకి,
నువ్వు పడకకి.