బెనెడిక్ట్ ట్రంపెట్ దించిన క్షణం

అంత మంచి ఫోటో తీసినా గురువుగారు ఒక్క మాటైనా మెచ్చుకోలేదని వకుళ బాధ.

గురువుగారంటే సికింద్రాబాద్ లెస్లీ. వయసులో ఉండగా క్లబ్బుల్లో జాజ్ బ్యాండుల వెంట తిరిగి ఫోటోలు తీశాడు. తర్వాత బొంబాయి ఫ్యాషన్ పత్రికలు పిలిపించుకున్నాయి. పట్టుచీర కట్టిన కొత్త మోడలైనా, చెమటతో తడిసిన డ్రమ్మరైనా ఆయన కెమెరా ముందు బెదురు లేకుండా నిలబడేవాళ్ళు. పెద్దతనంలో ఊరికి తిరిగొచ్చి చిన్న స్టూడియో పెట్టుకున్నాక వకుళ ఆయన దగ్గర చేరింది.

ఒక ఆదివారం సాయంత్రం క్లబ్బులో లెస్లీ పాత స్నేహితుడు బెనెడిక్ట్ ట్రంపెట్ కచేరీ. డెబ్బై దాటిన మనిషి. పాట మధ్యలో పై స్వరం అందుకోబోయాడు. ఊపిరి చాలలేదు. స్వరం పగిలి, గాలి చప్పుడొకటే వచ్చింది. ఆయన ట్రంపెట్ దించేశాడు. సరిగ్గా అప్పుడే వకుళ ఫోటో తీసింది.

చుట్టూ ఉన్నదంతా తీసేసి ముఖం ఒక్కటే పెద్దగా ప్రింట్ చేసింది. తడిసిన కళ్ళు, వణికిన పెదవి. పత్రిక ఎడిటర్ చూసి ముఖచిత్రానికి అడిగాడు.

లెస్లీ ఆ ఫోటోని చాలాసేపు చూశాడు.

"బెనెడిక్ట్‌కి చూపించావా?"

"ఆయనకెందుకు సార్? ఆ రోజు నుంచి గడప దాటడం లేదట. ట్రంపెట్ అమ్మేస్తానంటున్నాడట."

"అయితే మనమే వెళ్దాం. నెగటివ్ ఇలా ఇవ్వు."

డార్క్‌రూమ్‌లోకి వెళ్ళి ఆయన ఇంకో ప్రింట్ తీశాడు. ఆరాక కాగితంలో చుట్టుకుని చేతికర్ర అందుకున్నాడు.

బెనెడిక్ట్ తలుపు తీశాడు. గడ్డం మాసి ఉంది.

"ఇంకేం ఫోటో తీస్తావురా లెస్లీ? నా పని అయిపోయింది."

"తీయడానికి రాలేదురా. మా అమ్మాయి నీ ఫోటో తీసింది." లెస్లీ వకుళ వైపు తిరిగాడు. "ఇవ్వమ్మా."

వకుళ సంచిలో చెయ్యి పెట్టింది. ఆ ముసలాయన ముఖం చూసింది. చెయ్యి బయటికి రాలేదు.

లెస్లీ తను తెచ్చిన ప్రింట్ బల్ల మీద పరిచాడు. అదే క్షణం. కానీ కోత లేకుండా, మొత్తం. బెనెడిక్ట్ వెనక పియానో వాయించే సైరస్ ఉన్నాడు. సగం పైకి లేచి, చేతులు పియానో మెట్ల మీద నుంచి తీయకుండానే, బెనెడిక్ట్ వీపు వైపు చూస్తున్నాడు. నోరు తెరిచి ఉంది.

బెనెడిక్ట్ కళ్ళజోడు వెతికి పెట్టుకున్నాడు. ఫోటో మీదికి వంగాడు.

"వీడు పాడుతున్నాడు," అన్నాడు మెల్లగా. "నేను వదిలేసిన స్వరం వీడు అందుకున్నాడు. అప్పుడు నా చెవులు పనిచేస్తేగా!" తలెత్తాడు. "నువ్వు విన్నావా అమ్మా?"

వకుళ ఆ రోజు వేదికకి ఎదురుగానే కూర్చుంది. ఎంత గుర్తు చేసుకున్నా ఆ గొంతు గుర్తు రాలేదు.

"లేదండీ," అంది.

బెనెడిక్ట్ అప్పటికే ఫోన్ దగ్గరికి నడుస్తున్నాడు. "ఒరేయ్ సైరస్, ఇంట్లోనే ఉన్నావా?" అంటూ కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు.

లెస్లీ, వకుళ చప్పుడు చేయకుండా మెట్లు దిగారు. వీధిలోకి వచ్చాక వకుళ అడిగింది.

"పత్రికకి ఏది పంపమంటారు సార్?"

"నువ్వు తీసిందే పంపు, కోసింది కాదు," అన్నాడు లెస్లీ.