దివానుగారి వేలు

ఏటా ఊళ్లో మేలైన బెల్లం ఆవకాయ జాడీని దివాను రాజుగారి కోసమని కోటకు పట్టించుకుపోయేవాడు. ఈసారి ముసలి పేరిందేవమ్మ వంతొచ్చింది. ఏడాది పొడుగునా ఆమె అన్నంలోకి ఆ ఒక్క జాడీయే ఆధారం.

“రాజుగారికి పెట్టేది, రుచి చూడకుండా ఎలా తీసుకెళ్తారు నాయనా?” అంటూ ఆమె మూత తీసింది. గరిటె మాత్రం ఇవ్వలేదు.

దివాను వేలు ముంచి నాకాడు. కళ్లు మూసుకుని, అదే వేలు మళ్లీ ముంచాడు.

“ఎత్తండ్రా జాడీ!” అన్నాడు భటులతో.

“ఎత్తండి. మీ ఎంగిలి కలిసిందని మాత్రం రాజుగారికి ముందే చెప్పండి.”

దివాను ముఖం పాలిపోయింది. “అయితే ఇక నువ్వూ తినలేవుగా!” అన్నాడు ఉక్రోషంగా.

“నా కొడుకు ఈడువాడివి. బిడ్డ ఎంగిలి తల్లికి ఎంగిలవుతుందా? కూర్చో, వేడన్నంలో కలిపి ముద్ద పెడతాను.”

దివాను తలపాగా తీసి పక్కన పెట్టి, చెయ్యి చాచాడు.