మూడో కుండ

నాలుగు గోడల మధ్య చేసిన పాపం ఎవరికి తెలుస్తుందిలే అనుకుంటున్నావా? నోరు మూసుకుని ఈ కథ విను.

ఒక రాజుగారి అంతఃపురంలో చిన్నరాణి వకుళ ఉన్నట్టుండి మాయమైంది. ఎవరూ ఊపకుండానే ఆమె గదిలో ఉయ్యాల ఊగుతోందని దాసీలు అటు పోవడం మానేశారు.

"ఆవిడ లేచిపోయింది. తలుపు తీసి పంపింది ఈ నీళ్ళు మోసే పోలమ్మే" అని పెద్దరాణి కుముదవల్లి చెప్పింది. రాజు పోలమ్మ తల తీయమన్నాడు.

"అలాగే తీయించండి ఏలికా. కానీ నేరం మోపినవారు ఇంటి బావినీళ్ళు తాగి ప్రమాణం చెయ్యాలి, అది మన ఆచారం. అంతఃపురంలో బావులు మూడున్నాయి" అంది పోలమ్మ.

"పొగరుబోతుదానా, తే! మూడూ తాగుతాను" అంది పెద్దరాణి.

పోలమ్మ మూడు కుండలు, ముంచి ఇవ్వడానికి ఒక చెంబు తెచ్చింది.

"ఇది వంటింటి బావిది." రాణి తాగింది.

"ఇది పూలతోట బావిది." అదీ తాగింది.

"ఇది చిన్నరాణిగారి గది వెనక బావిది."

చెంబు పెదవుల దాకా వెళ్ళి, చేతిలోంచి జారి పడింది.

"ఏమ్మా, అప్పుడే దాహం తీరిందా?" అంది పోలమ్మ. "ఏలికా, మూడింటిలోనూ వాకిట తొట్టిలోని ఏటినీళ్ళే ముంచాను. ఆ బావిలో ఏముందో నాకు తెలియదు. అమ్మగారికి తెలుసు."

బావిలో వెతికితే వకుళ శవం దొరికింది. రాజు పెద్దరాణిని ఆ ఉయ్యాల గదిలోనే బంధించి, తాగడానికి ఆ బావినీళ్ళే ఇమ్మన్నాడు. ఆమె చుక్కయినా ముట్టలేదు. ఊగే ఉయ్యాలను చూస్తూ, నిండు కుండ పక్కనే గొంతెండి చచ్చింది.