గాలికి ఎదురుగా పిలిచిన పేరు

సదాశివంగారిని ప్రశ్న అడిగి వెంటనే జవాబు రాబట్టినవాళ్ళు మాలో ఎవరూ లేరు. అడిగినవాడి మొహంలోకి కాసేపు చూస్తారు. పక్కనున్న చెంబు ఎత్తి రెండు గుక్కల నీళ్ళు తాగుతారు. ఆ తర్వాత ఎక్కడో ఎవరికో జరిగిన సంగతి ఎత్తుకుంటారు. మన ప్రశ్నకూ దానికీ సంబంధమేమిటో ఇంటికి వెళ్ళే దారిలో మనమే వెతుక్కోవాలి. మొదట్లో నాకు దీనితో ఒళ్ళు మండేది. అవుననో కాదనో ముక్కుసూటిగా చెబితే ఆయన సొమ్మేం పోయిందని లోలోపల విసుక్కునేవాణ్ణి. ఫణిభూషణ్ వచ్చిన సాయంత్రం తర్వాత ఆ విసుగు మానుకున్నాను.

గురువుగారు ఉండేది సముద్రం ఒడ్డున, సరుగుడు తోట చివర, ఒక పెంకుటింట్లో. కిందుగా జాలర్ల పేట ఉంది. ఆయన కాషాయం కట్టకపోయినా పేటవాళ్ళకు సాములోరే. ఫణిభూషణ్ ఆయన శిష్యులమైన మాలో తర్కం ఎక్కువ తెలిసినవాడు. విద్యుత్ శాఖలో ఇంజనీరు కాబట్టి ఉపనిషత్తు వాక్యాన్ని కూడా మీటరు రీడింగు చూసినట్టు చూసేవాడు. అలాంటివాడు ఆ రోజు వచ్చి కూర్చుని, బండి తాళంచెవి వేలికి తిప్పుకుంటూ ఎంతకీ నోరు విప్పడు.

"గురువుగారూ, పేరుకి బలం ఉంటుందా?" అన్నాడు చివరికి.

సంగతి ఏమిటంటే అతని భార్యకు నెలలు నిండాయి. ఇంతకుముందు రెండుసార్లు కడుపు పోయింది. ఈసారి ఆమె బిడ్డ పుట్టకముందే పేరు ఖాయం చేసేసింది. అది ఇంగ్లీషు పేరు, మన వైపు ఎవరూ విననిది. ఆడపిల్లకైనా మగపిల్లాడికైనా అదే సరిపోతుందట. ఎవరు వచ్చినా సరే, రావడమే చాలు, అందుకే ఈ పేరు అంటోందట ఆమె. అతని తల్లి మాత్రం ఇల్లు పీకి పందిరి వేస్తోంది. పుట్టని బిడ్డకు పేరేమిటి, దేవుడి పేరు కానిది పేరేమిటి, ఆడో మగో కూడా తెలియని పేరు ఎవరికి కావాలి అని అన్నం మానేసి కూర్చుంది. అమ్మ మాటలు తాను పట్టించుకోనని ఫణిభూషణ్ అంటూనే ఉన్నాడు. అతని వేలికి తాళంచెవి మాత్రం ఇంకా వేగంగా తిరుగుతోంది.

"ఇంతకీ ఏం పేరు?" అన్నారు గురువుగారు.

అతను తాళంచెవిని గుప్పిట్లో బిగించాడు.

"నోటికి రావడం లేదండీ. పైకి అంటే ఏదైనా అయిపోతుందేమోనని భయం. నవ్వకండి."

గురువుగారు నవ్వలేదు. చెంబు ఎత్తి నీళ్ళు తాగారు. అప్పుడు ఆయన చెప్పింది, నాకు గుర్తున్నంతలో, ఇది.

కింద పేటలో నూకాలు అనే ముసలామె ఉంది. ఆమె భర్త చేపల వేటకు వెళ్ళి తిరిగి రాలేదు. శవమైనా ఒడ్డుకు చేరలేదు. ఒక్కగానొక్క కొడుకు ఎల్లాజీ మరబోటు మీద పనిచేస్తాడు. అతనికి మొదట పుట్టిన బిడ్డ పురిట్లోనే పోయింది. కోడలు సత్యవేణి మళ్ళీ నీళ్ళోసుకున్న రోజుల్లో తుపాను పట్టింది, ఎల్లాజీ బోటు జాడ లేకుండా పోయింది. పేటలో వాళ్ళంతా ఆశ వదులుకున్నాక అతని దగ్గర నుంచి ఫోను వచ్చింది. ఎక్కడో దూరపు రేవులో ప్రాణాలతో ఉన్నాడు. ఆ చీకటిలో, ఆ గాలిలో, వైర్‌లెస్‌లో ఎవరో ఒక మనిషి ఇంగ్లీషులో ఒకే మాట పదే పదే అంటూ వాళ్ళను లోపలికి నడిపించాడట. ఆ మాట హేవెన్. ఒడ్డెక్కాక ఎల్లాజీ ఆ మనిషిని వెతుక్కుంటూ వెళ్ళి అర్థం అడిగాడు. గాలివానలో పడవలు తలదాచుకునే రేవు అని చెప్పాడాయన. బయటి దేశాల్లో అక్కడక్కడ పిల్లలకు కూడా ఈ పేరు పెడతారనీ, ఆడైనా మగైనా నప్పుతుందనీ నవ్వుతూ చెప్పాడు. ఎల్లాజీ ఇంటికి వచ్చి, స్నానమైనా చెయ్యకుండా, భార్య కడుపు మీద చెయ్యి వేసి ఆ మాట అన్నాడు. పేరు పెట్టడం అక్కడితో అయిపోయింది.

నూకాలుకు ఆ పేరు కొరుకుడు పడలేదు. కోడల్ని అడగడం నామోషీ. కొడుకు అప్పటికే మళ్ళీ వేటకు పోయాడు. సెల్‌ఫోన్ల కొట్టు నడిపే అతనికి ఇంగ్లీషు వచ్చని ఎవరో అంటే అక్కడికి వెళ్ళింది. నలుగురూ నిలబడి ఉన్నారు. సిగ్గుపడి ఆ పేరును నోట్లోనే గొణిగింది. గొణిగితే దీర్ఘం పడదు కదా. హేవెన్ కాస్తా అతని చెవికి హెవెన్ అయింది.

"స్వర్గం అని అర్థం అమ్మా. మంచి పేరే" అన్నాడతను.

ఆమె గబగబా కొట్టు మెట్లు దిగింది. స్వర్గానికి వెళ్ళేది ఎవరు? ఆమె భర్త వెళ్ళాడు. పురిట్లో బిడ్డ వెళ్ళింది. ఇప్పుడు పుట్టబోయే ఈ బిడ్డను కూడా రోజూ పేటంతా వినేలా అటే పొమ్మంటారన్నమాట. ఈ మాట ఆమె ఎవరితోనూ అనలేదు. అంటే నిజమైపోతుందని భయం. ఆ పేరు తన నోట రానివ్వనని మాత్రం ఒట్టు పెట్టుకుంది. బిడ్డ పుట్టింది, పాకింది, నడిచింది, మాటలు నేర్చింది. తల్లికీ తండ్రికీ పేటకూ హేవెన్. నానమ్మకు బుజ్జి.

సత్యవేణికీ బిడ్డకూ సాయంత్రాలు ఒక ఆట ఉండేది. బిడ్డ దాక్కుంటుంది. తల్లి బుజ్జీ అనీ, కన్నా అనీ, బంగారూ అనీ నోటికొచ్చిన ముద్దుపేర్లన్నీ పెట్టి పిలుస్తూ వెతుకుతుంది. వాటిలో దేనికీ పలకకూడదు. అసలు పేరు పెట్టి పిలిచినప్పుడే బయటికి పరిగెత్తుకు రావాలి. బిడ్డకు ఆ ఆట అంటే ప్రాణం. ఆ చివరి పిలుపు వచ్చే వేళకు నూకాలు కొంగుతో చెవులు మూసుకుని లోపలికి వెళ్ళిపోయేది.

బిడ్డకు మూడేళ్ళు నిండాక, ఒక అల్పపీడనం రోజున, సాయంత్రం పూట గురువుగారు ఎప్పటిలాగే ఒడ్డు వెంట నడుస్తున్నారు. కెరటాలు పేటను కోసెయ్యకుండా అక్కడ గట్టు పొడుగునా పెద్ద పెద్ద రాళ్ళు పోశారు. పోటు వేళ ఆ రాళ్ళ సందుల్లోకి నీళ్ళు ఎక్కుతాయి. ఆ గట్టు మీద నూకాలు జుట్టు విరబోసుకుని పరుగెడుతూ ఆయనకు ఎదురైంది. కొడుకు వేటలో ఉన్నాడు. కోడలు రొయ్యల కంపెనీలో పనికి వెళ్ళింది. బిడ్డ ఆమె ఒక్కదాని చేతిలో ఉంది.

"సాములోరూ, నా బుజ్జిని సూసినారా? ఎండుసేపలు తిరగేసి ఇలా తిరిగీసరికి నేదు. ఇక్కడే ఉన్నాది, ఇప్పుడే ఉన్నాది!"

కేక విని పేట కదిలింది. ఆడవాళ్ళూ మగవాళ్ళూ గట్టు మీదికి వచ్చి, నూకాలు కేకనే అందుకుని బుజ్జీ, బుజ్జీ అని అరవసాగారు. బోర్లించిన పడవల కింద చూశారు, వలల కుప్పలు లాగారు. గాలి ఎక్కువైంది. పోటు గట్టు అడుగుకు చేరింది. అప్పుడు ఒకతను నురుగులోకి దిగి ఏదో పైకి తీశాడు. చిన్న ఆకుపచ్చ చెప్పు. ఒకటే. ఎవరో ఆడమనిషి ఏడుపు అందుకుంది. ఇక్కడికి వచ్చేసరికి గురువుగారు మా వైపు తిరిగారు.

"భయం లేదు, భయం లేదు అని ఇన్నేళ్ళు మీకు చెప్పినవాణ్ణి నేను. ఆ చెప్పు చూశాక నాకు ఒక్క వాక్యం గుర్తు రాలేదు. పక్కనున్న రాయి పట్టుకుని నిలబడ్డాను" అన్నారు.

నూకాలు ఏడవలేదు. చెప్పును చేతిలోకి తీసుకుని నిలబడిపోయింది. తర్వాత, గట్టు పొడుగునా ఇంకా వినిపిస్తున్న బుజ్జీ, బుజ్జీ కేకల వైపు తల తిప్పింది.

"ఆడతాంది సాములోరూ. రాళ్ళ సందులో దాక్కున్నాది. ఆళ్ళమ్మ నేర్పిన ఆట ఇది. బుజ్జీ అంటే రాదు. మీరంతా బుజ్జీ బుజ్జీ అంటన్నారు, ఇంకా లోపలికెలిపోతాది!"

గురువుగారు వెంటనే అసలు పేరు పెట్టి పిలిచారు. పక్కనున్నవాళ్ళూ పిలిచారు. బిడ్డ పలకలేదు. పలుకుతుందా? పొద్దు గుంకుతోంది, గాలి హోరు, టార్చిలైట్లు, కలగాపులగమై గుర్తు పట్టలేని గొంతులు. లోపలున్న ప్రాణం ఇంకా ముడుచుకుపోయి ఉంటుంది. ఇంటి గొంతు ఒక్కటే ఉంది అక్కడ. అందరూ నూకాలు వైపు తిరిగారు. ఆమె కొంగు నోట్లో కుక్కుకుని తల అడ్డంగా ఊపింది.

"నాను పిలవను. ఆ పేరుకి సొర్గమని అర్తం. సందేళ, ఈ నీటి మీద, నా నోటితో నాను సొర్గానికి పొమ్మంతానా? నా మొగుణ్ణి తినేసింది ఈ నీరే. పిలిస్తే పంపినట్టే సాములోరూ, పంపినట్టే!"

ఇన్నేళ్ళుగా దాచుకున్న మాట అది. దాని అర్థం అది కాదమ్మా అని గురువుగారు చెప్పబోయారు. అంతలో ఒక పెద్ద కెరటం గట్టెక్కి అందర్నీ నడుం దాకా తడిపింది. ఆ నీళ్ళు వెనక్కి పోయేటప్పుడు రాళ్ళ సందుల్లోంచి గుడగుడమని బుడగల చప్పుడు వచ్చింది. నిండుతున్న బిందెలో వచ్చే చప్పుడే అది. నూకాలు ఆ చప్పుడు విన్నది. నోట్లోంచి కొంగు లాగేసింది. సముద్రానికి రెండు చేతులూ జోడించి, "నన్ను తీసుకో, బిడ్డనొగ్గీ" అంది. ఆపైన పిలిచింది.

"హే...వెన్!"

ముసలి గొంతు, గాలికి ఎదురుగా. గాలికి ఎదురుగా హ్రస్వం పలకడం ఎవరి తరమూ కాదు. ఆ మొదటి అక్షరం ఎంత సాగాలో అంతా సాగింది. ఆమె స్వర్గం అనుకునే పిలిచింది. నోట్లోంచి వచ్చింది రేవు.

కాసేపు ఏమీ లేదు. నీళ్ళ చప్పుడు తప్ప ఏమీ లేదు. ఆమె మళ్ళీ పిలిచింది, ఈసారి ఏడుస్తూ. అప్పుడు వాళ్ళ కాళ్ళ కిందనుంచే, రెండు రాళ్ళ మధ్య నుంచి, ఆశ్చర్యపోయిన చిన్న గొంతు వినిపించింది.

"నానమ్మా, నువ్వా?"

ఇద్దరు మగవాళ్ళు తలకిందులుగా ఆ సందులోకి దూరి బిడ్డను పైకి లాగారు. గడ్డం దాకా తడిసి ఉంది, ఒక కాలికి చెప్పు ఉంది. ఆట గెలిచానో ఓడానో తెలియక అందరి మొహాల్లోకీ చూస్తోంది. నూకాలు బిడ్డను గుండెకు కరుచుకుని ఆ పేరే పిలుస్తూ ఇంటికి నడిచింది. గుండెకు ఆనుకునే ఉన్న బిడ్డను అలా పిలవడం ఎందుకని ఎవరూ అడగలేదు. పని నుంచి వస్తున్న సత్యవేణి వీధి మొదట్లోనే అత్త గొంతులో ఆ పేరు విని, ఏం జరిగిందో తెలియకపోయినా, అక్కడే కూలబడి ఏడ్చిందట.

గురువుగారు ఆగారు. చెంబు ఎత్తి, ఖాళీ అయిందని చూసి, కింద పెట్టారు. ఫణిభూషణ్ చేతిలోని తాళంచెవి ఎప్పుడు జారిపోయిందో నేలమీద పడి ఉంది.

"అర్థం స్వర్గం కాదని తర్వాతైనా ఆవిడకు ఎవరైనా చెప్పారా?" అన్నాడతను తాళంచెవి తీసుకుంటూ.

"మర్నాడు నేనే వెళ్ళి చెప్పాను. రేవు అని. చేపలు తిరగేస్తూ విన్నది. 'ఏటైతే ఏటి సాములోరూ, పలికినాది గదా' అంది. మళ్ళీ చేపల్లో పడింది."

ఫణిభూషణ్ తాళంచెవి జేబులో వేసుకున్నాడు. లేచి, నమస్కారం పెట్టి, మెట్టు దిగాడు. దిగినవాడు ఇంజనీరు కదా, లెక్కలో ఏదో మిగిలిపోయినట్టు వెనక్కి తిరిగాడు.

"గురువుగారూ, ఇంతకీ ఆ బిడ్డ ఆడపిల్లా, మగపిల్లాడా?"

గురువుగారు అతని మొహంలోకి కాసేపు చూశారు.

"కథ ఆ రాళ్ళ మీద ఉన్నంతసేపూ నీకూ ఊపిరాడలేదు నాయనా, నేను చూశాను. అప్పుడు అడగాలని తోచలేదేం?"