నిద్రకళ్ళ బొమ్మ

అనగనగా ఏటి పక్కన ఒక ఊళ్ళో పైడమ్మ అని ఒకావిడ ఉండేది. కాళ్ళు ఆడించకుండా విను మరి. ఆవిడ మొగుడి పేరు అప్పన్న. అప్పన్న మెత్తటి కర్రని తిప్పుడు యంత్రం మీద తిప్పి, లక్కరంగు పట్టించి బొమ్మలు చేసేవాడు. గుండ్రటి తల, గుండ్రటి ఒళ్ళు, చేతులు లేవు, కాళ్ళు లేవు. అప్పుడు పైడమ్మ మేకవెంట్రుకల కుంచె పట్టుకుని వాటికి కళ్ళు పెట్టేది.

ఆ కళ్ళున్నాయి చూశావూ, అలాంటివి ఇంకే ఊళ్ళోనూ లేవు. పైరెప్ప ఒక్క గీతలో లాగేది. చివరికొచ్చేసరికి గీత కాస్త కిందికి వాలేది. నల్లగుడ్డు సగం రెప్ప కిందే ఉండేది. ఇప్పుడు నీ కళ్ళున్నాయే, అచ్చం అలా! నిద్రొస్తోంది, కానీ కథ అయిపోతుందేమోనని మూతపడవు. ఊళ్ళో పసిపిల్లలు ఆ బొమ్మ పక్కనుంటే గానీ పడుకునేవాళ్ళు కాదు. అందరూ వాటిని నిద్రకళ్ళ బొమ్మలు అనేవాళ్ళు.

పైడమ్మకి ఆ కళ్ళు వాళ్ళమ్మ నేర్పింది. వాళ్ళమ్మకి వాళ్ళమ్మ నేర్పింది. పైడమ్మకి ఒక్కతే కూతురు, నూకాలు. దానికి ఏడో ఏట కుంచె చేతికిచ్చి నేర్పింది. పక్కింటి పిల్లలు మాకూ నేర్పమని వచ్చి కూర్చుంటే, "ఇది మా ఇంటి చెయ్యి తల్లీ, బయటికివ్వకూడదు" అని పంపేసేది. ఎంత పని చేసింది మహాతల్లి! ఇంకో ఇద్దరికి నేర్పితే ఆవిడ సొమ్మేం పోయింది? సరేలే, ఇప్పుడు మనం అనుకుని ఏం లాభం.

ఆ తర్వాత నూకాలు పెద్దదైంది. దాన్ని చాలా దూరంలో, కొండ కింద ఉన్న ఊరికిచ్చి పెళ్ళి చేశారు.

అక్కడా బొమ్మలవాళ్ళే. కానీ ఆ బొమ్మల తీరు వేరు. పొణికి అనే తేలిక కర్ర చెక్కి, చేతులూ కాళ్ళూ విడిగా చేసి, చింతగింజల పిండిలో రంపపు పొట్టు కలిపిన ముద్దతో అతికిస్తారు. పైన సున్నం పూసి, ఆరాక రంగులేస్తారు. చల్ల చిలికే అమ్మాయి, కల్లుకుండ దించేవాడు, ఏనుగు మీద రాజు, అన్నీ ఉంటాయి. నూకాలు మొగుడు తిరపతయ్య కర్ర చెక్కేవాడు. అత్త పేరమ్మ కళ్ళు పెట్టేది.

పేరమ్మ పెట్టే కళ్ళు వెడల్పుగా తెరుచుకుని ఉండేవి. చివర గీత చెవి వైపు పైకి లేచేది. ఎవరో పిలిస్తే నవ్వుతూ తిరిగి చూసినట్టుండేది ఆ బొమ్మ. అవీ బాగుండేవి. నేనేం బాగోలేవనను.

ఆ ఊళ్ళో ఒక ఆచారం ఉంది. ఏ ఇంటి బొమ్మకి ఆ ఇంటి కళ్ళే ఉండాలి. బొమ్మ మొహం చూడగానే ఇది ఫలానావాళ్ళింటిది అని చెప్పగలగాలి. కొత్తకోడలు వస్తే, పుట్టింటి చెయ్యి గుమ్మం బయటే వదిలేసి లోపలికి రావాలి. వినడానికే ఒళ్ళు మండుతుంది కదూ! కానీ పేరమ్మ కూడా ఒకప్పుడు అలా వదిలేసి వచ్చినావిడే.

అప్పుడు నూకాలు మొదటి బొమ్మకి కళ్ళు పెట్టింది. గీత చివర కిందికి వాలింది. పేరమ్మ తడిగుడ్డతో తుడిచేసింది.

ఆ తర్వాత రెండో బొమ్మకి పెట్టింది. మళ్ళీ వాలింది. "ఏం పిల్లా, ఈ ఇంటి బొమ్మకి నిద్రెందుకొస్తోంది?" అని పేరమ్మ దాన్నీ తుడిచేసి, నెల్లాళ్ళు కోడలికి కుంచె ఇవ్వలేదు. రంగులు నూరుతూ కూర్చోమంది.

ఆ తర్వాత మూడో బొమ్మ. అదొక పెళ్ళికూతురు బొమ్మ, తిరపతయ్య మూడు రోజులు చెక్కాడు. దానికీ నిద్రకళ్ళే వచ్చాయి. పేరమ్మ ఆ బొమ్మని తీసుకెళ్ళి అన్నం ఉడుకుతున్న పొయ్యిలో పెట్టేసింది.

నూకాలు ఆరోజు అన్నం తినలేదు. తెల్లారాక నూకాలు ఒక బొగ్గుముక్క తీసుకుని పెరటిగోడ దగ్గర కూర్చుంది. గోడ మీద అత్తగారి కళ్ళు గీసింది. చెరిపింది, గీసింది, మళ్ళీ చెరిపింది. వానాకాలం అంతా అదే పని. చివరికి ఒకరోజు పేరమ్మ వచ్చి గోడ చూసి, వంటింట్లోకి వెళ్ళి బెల్లంముక్క తెచ్చి కోడలి నోట్లో పెట్టింది. నూకాలు ఎంత పొంగిపోయిందో! పాపం పిచ్చిపిల్ల, ఆరోజు ఏం పోయిందో దానికి తెలీదు.

అలా పన్నెండేళ్ళు గడిచాయి. నూకాలు పురుళ్ళకీ పండక్కీ పుట్టింటికి వెళ్ళకపోలేదు, వెళ్ళేది. కానీ కుంచె దగ్గరికి పోతే చాలు, పైడమ్మ లాక్కునేది. "అక్కడ ఎలాగూ తప్పదు, ఇక్కడ కూడానా? పుట్టింటికొచ్చిన పిల్లవి, పడుకో హాయిగా" అనేది. ప్రేమే అమ్మా, ప్రేమ కాక మరేంటి. తల్లి ముద్దుచేసి పడుకోబెట్టింది. కూతురు పడుకుంది.

ఒకరోజు చీరల మూటాయన కొండ కింద ఊరికి కబురు తెచ్చాడు. పైడమ్మకి చెయ్యి వణుకుతోందట. కుంచె నిలవడం లేదట. కూతుర్ని ఒక్కసారి రమ్మంటోందట.

అప్పుడు నూకాలు ఉన్నపళంగా బయల్దేరింది. వెళ్ళి చూస్తే ఏముంది! గోడవారగా మూడు వరసల బొమ్మలు. అప్పన్న ఎప్పటిలాగే చేసి పెడుతూ వచ్చాడు. ఒక్కదానికీ కళ్ళు లేవు.

పైడమ్మ మంచం మీద నుంచే చెయ్యి చాపింది. మనిషి సగమైపోయింది. "వచ్చావా తల్లీ! నా చెయ్యి పోయింది. పోతే పోయింది, నీ చెయ్యి ఉందిగా. వాటికి కళ్ళు పెట్టు. తర్వాత నీ కూతురికి నేర్పు. నేను పోయినా దిగుల్లేదు, ఆ కళ్ళు మాత్రం పోకూడదు."

"అదెంత పని, నువ్వు చూస్తూ ఉండు" అంది నూకాలు. అని కుంచె తీసుకుని ఒక బొమ్మకి గీత లాగింది. గీత చివర పైకి లేచింది.

ప్రయాణపు బడలికేమో అనుకుంది నూకాలు. ఆ గీత తుడిచేసి, తల్లి చూడలేదు కదా అని అటు చూసింది. పైడమ్మ చూసింది. చూసి, చూడనట్టు అటు తిరిగి పడుకుంది.

పాత బొమ్మ ఒక్కటి దొరికినా చాలు, చూసి నేర్చుకుంటాను అనుకుంది నూకాలు. ఇంట్లో ఒక్కటీ లేదు. చేసినవి చేసినట్టు సంతకి పోయేవి. ఊళ్ళో పిల్లల చేతుల్లో పడ్డవి ఎన్నాళ్ళుంటాయి? అయినా వెళ్ళి ఇల్లిల్లూ అడిగింది.

ఒకరింట్లో అటక మీద ఒక బొమ్మ ఉందన్నారు. దించి చూస్తే మొహమంతా చెద తినేసింది.

ఇంకొకరింట్లో బొమ్మ బాగానే ఉంది. కానీ దాన్ని ముగ్గురు పిల్లలు పళ్ళొచ్చేటప్పుడు చప్పరించారు. కళ్ళున్నచోట నున్నటి కర్ర మిగిలింది.

మూడో ఇంట్లో ఆవిడ గర్వంగా తెచ్చి చూపించింది. "మొన్న దసరా కొలువులో పెట్టేటప్పుడు పాతగా ఉందని మా అమ్మాయి కొత్తరంగు వేసిందమ్మా, ఎంత బాగుందో చూడు!" అంది. రెండు పెద్ద పెద్ద నల్లచుక్కలు. నూకాలు బాగుందని చెప్పి, వీధిలోకొచ్చి గోడకి ఆనుకుని నిలబడిపోయింది.

ఇంటికొచ్చాక రెండో బొమ్మ ఒళ్ళో పెట్టుకుంది. పైడమ్మ లేచి కూర్చుని, కూతురి చెయ్యి మీద తన చెయ్యి వేసింది. "వాల్చు... ఇక్కడ వాల్చు" అంది. నూకాలు వాలుస్తున్నాననే అనుకుంది. తల్లి చెయ్యి వణికి వణికి గీత అలుక్కుపోయింది. కన్ను కాదు, మరకైంది. "పాడు చెయ్యి" అని పైడమ్మ తన చేతిని తనే కొట్టుకుంది.

ఆ తర్వాత మూడో బొమ్మ. మర్నాడు పొద్దున్నే, వెలుతురు బాగున్నప్పుడు, నూకాలు ఒక్కతే అరుగు మీద కూర్చుంది. చిన్నప్పుడు అమ్మ పక్కన ఎలా కూర్చునేదో అలాగే బాసింపట్టు వేసుకుంది. ఊపిరి బిగబట్టి ఒక్క గీతలో లాగింది. లాగాక చూస్తే పేరమ్మగారి కన్ను. ఇంత అందంగా ఎప్పుడూ రాలేదు పేరమ్మగారి కన్ను.

పైడమ్మ ఆ బొమ్మ ఇమ్మంది. వెలుగులోకి పట్టుకుని చాలాసేపు చూసింది.

"వచ్చాయే" అంది పైడమ్మ. "అవే కళ్ళు. మా అమ్మ పెట్టినట్టే ఉన్నాయి."

అబద్ధం. అబద్ధమని నూకాలుకి తెలుసు. కూతురికి తెలిసిందని పైడమ్మకీ తెలుసు. ఇద్దరూ ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకోలేకపోయారు. పైడమ్మ ఆ బొమ్మని దిండు పక్కన పెట్టుకుంది. తొమ్మిదో రోజు పోయింది.

కర్మలన్నీ అయ్యాక అప్పన్న మళ్ళీ యంత్రం ముందు కూర్చున్నాడు కానీ, బొమ్మలు మాత్రం చెయ్యలేదు. బొంగరాలు చెయ్యడం మొదలుపెట్టాడు. బొంగరానికి కళ్ళక్కర్లేదు కదా.

ఆ తర్వాత నూకాలు అత్తారింటికి వచ్చేసింది. పని మానలేదు. పొద్దున లేస్తే అవే కళ్ళు, ఎప్పటిలాగే. మనిషిలో మాట మాత్రం తగ్గిపోయింది. పేరమ్మ అంతా చూస్తూనే ఉంది. ఆవిడా పెద్దదైపోయింది, పళ్ళూడిపోయాయి, పిల్లల్నెత్తుకుని మెత్తబడింది. ఏ వేళప్పుడు ఏం గుర్తొచ్చిందో ఏమో, ఒక మధ్యాహ్నం సున్నం పూసి ఆరబెట్టిన బొమ్మ ఒకటి తెచ్చి కోడలి ముందు పెట్టింది. చిన్న ఆడపిల్ల బొమ్మ.

"ఇది అమ్మడానికి కాదు" అంది. "మీ అమ్మ కళ్ళు పెట్టు. మనింట్లోనే దేవుడి గూట్లో ఉంచుకుందాం. ఇంక నేనేమీ అనను."

ఆ మాట కోసం నూకాలు ఎన్నేళ్ళు ఎదురుచూసిందో! ఆ పెళ్ళికూతురు బొమ్మ పొయ్యిలో కాలిన రోజునుంచీ ఎదురుచూసింది. కుంచె రంగులో ముంచింది. పేరమ్మ కళ్ళజోడు సర్దుకుని, కోడలి పక్కనే ఆశగా కూర్చుంది. నూకాలు పై గీత లాగింది. నల్లగుడ్డు పెట్టింది. రెండో కన్నూ పెట్టి, బొమ్మని అత్తగారి చేతికిచ్చింది.

పేరమ్మ చూసింది. మళ్ళీ చూసింది. "ఇవి... ఇవి నావేనే పిల్లా" అంది. "మీ అమ్మవి పెట్టమన్నాను కదే."

నూకాలు తల అడ్డంగా ఊపింది. "ఎలా ఉండేవో తెలీదత్తా. చేతికి తెలీడం లేదు."

అప్పుడు పేరమ్మ బొమ్మని ఒళ్ళో పడేసుకుని, కోడలి చెయ్యి రెండు చేతుల్తో పట్టుకుని, "నేనే తుడిచేశానే, నేనే కాల్చేశానే" అని భోరుమని ఏడ్చింది. ముసలావిడ పసిపిల్లలా ఏడ్చింది.

నూకాలు ఏడవలేదు. పైటకొంగుతో అత్తగారి కళ్ళు తుడిచింది. కోపంతో కాదు, దెప్పడానికీ కాదు, ఉన్నమాటే చెప్పింది.

"ఊరుకో అత్తా. నువ్వు చాలా బాగా నేర్పావు."

కథ నడిచె కంచికి,
కన్నీరు కొంగుకి,
నిద్దర నీ కంటికి,
మనమింక ఇంటికి.