గప్‌చుప్ గుడ్డ

అనగనగా, మబ్బులు గడపదాకా వచ్చి కూర్చునే ఒక కొండ మీద ఒక ఊరుంది. ఊరి పేరు ఉరుములపాడు. ఆ పేరు పెట్టిందెవరో గాని సరిగ్గా పెట్టారు తల్లీ. మనకైతే ఉరుములు వానాకాలంలో వచ్చి పోతాయి. అక్కడైతే ఏడాది పొడుగునా వాటి కాపురమే. పళ్ళు తోముకుంటుంటే ఢాం. అన్నంలో పప్పు కలుపుకుంటుంటే ఢాం. కాళ్ళు దుప్పట్లో పెట్టుకో, చెప్తాను.

ఆ ఊరివాళ్ళంతా నేతగాళ్ళు. మెరుపులకి కొదవ లేదు కదా, వాటిని నల్లకుండల్లో పట్టి, ఆ కరెంటుతో గాజుమగ్గాలు నడిపేవాళ్ళు. నూలేమో మబ్బుపీచుతో వడికేవాళ్ళు. అందరిలోకీ చిక్కగా నేసేది పగడమ్మ. ఆవిడ నేసిన గుడ్డలో నీళ్ళు పోసి మూటకట్టినా చుక్క కారేది కాదు. ఆ సంగతి ఆవిడకీ బాగా తెలుసు, కాస్త గర్వం కూడాను.

పగడమ్మ కూతురు సింగారి. సింగారికి ఒక ఆడపిల్ల పుట్టింది. జాజులు అని పేరు పెట్టుకున్నారు. నెల తక్కువ పిల్ల, పిడికెడంత ఉండేది. ఊళ్ళో మిగతా పిల్లలు ఏడ్చి ఏడ్చి ఉరుములకి అలవాటు పడేవాళ్ళు. జాజులు అలా కాదు. ఉరిమిందంటే కొయ్యబారిపోయేది, నోట్లో పాలు కక్కేసేది. రోజురోజుకీ చిక్కిపోతోంది.

అప్పుడు పగడమ్మ ఒక కొత్త నూలు తీసింది. వెంట్రుక కన్నా సన్నం. లోపల తామరతూడులాగా బోలు. ఆ బోలులో కంటికి కనపడని బుల్లి బుల్లి గదులు. చప్పుడు ఆ గదుల్లోకి వెళ్ళిందంటే ఇక బయటికి రాదు. మన సెల్లుకి ఛార్జింగు పెట్టినట్టు, ఆ గుడ్డని కాసేపు ఎండలో ఆరేస్తే చాలు, రోజంతా చప్పుడు తాగుతుంది. ఊళ్ళోవాళ్ళు దానికి గప్‌చుప్ గుడ్డ అని పేరు పెట్టారు, తమ ఇళ్ళకీ తలా ఒక ముక్క నేయించుకున్నారు.

ముందు ఆ గుడ్డతో ఉయ్యాల కట్టింది. పిల్ల పుట్టాక మొదటిసారి హాయిగా నిద్రపోయింది. ఆ తర్వాత చెవులు కప్పేట్టు కుళ్ళాయి కుట్టింది. పిల్ల పాలు తాగి ఒళ్ళు చేసింది. ఆ తర్వాత ఎత్తుకుని తిరగడానికి దుప్పటి నేసింది. ఇంకేముంది, పిల్ల బుగ్గలు బూరెల్లా అయ్యాయి.

సింగారి రోజూ పాపకి పాడేది. కబుర్లు చెప్పేది. పాప అమ్మ మొహం చూసి బోసినోటితో నవ్వేది. వింటోందనే అనుకున్నారు అందరూ.

జాజులు నడిచింది. పరిగెత్తింది. కానీ మాట రాలేదు. ఈడు పిల్లలు అమ్మా, అత్తా అని ఇల్లు పీకి పందిరేస్తుంటే, ఇది కుళ్ళాయి పెట్టుకుని బొమ్మలా చూసేది.

పక్కింటి ఆదెమ్మ నోరు ఊరుకుంటుందా? "ఏం వదినా, మనవరాల్ని కూడా గప్‌చుప్ గుడ్డతోనే నేశావా ఏంటి?" అంది. పగడమ్మ నవ్వేసింది గాని, ఆ పూట అన్నం సయించలేదు.

ఆ గుడ్డకి ఒక పద్ధతుంది. తాగిన చప్పుడు నిండితే బరువెక్కుతుంది. అప్పుడు కొండ అవతలి వాగులో జాడించి పిండాలి. పిండుతుంటే లోపలి చప్పుళ్ళన్నీ బయటికొస్తాయి. ఒకరింటి గుట్టు ఒకరు వినకూడదని, చెవుల్లో దూది పెట్టుకుని పిండేవాళ్ళు. ఒకరోజు పాప గుడ్డలు పిండబోతుంటే పగడమ్మ చెవిలో దూది జారి వాగులో పడింది.

మొదట పిండితే ఉరుములొచ్చాయి. రెండోసారి పిండితే ఇంటి చప్పుళ్ళొచ్చాయి. రోకటి దంపుడు, మేకపిల్ల అరుపు, పగడమ్మ గురక. "నేనింత గురక పెడతానా!" అనుకుంది ఆవిడ.

మూడోసారి పిండింది. సింగారి గొంతు వచ్చింది. "జోజో నా జాజిమొగ్గా... ఇటు చూడమ్మా, నేను అమ్మని... అమ్మా అను, ఒక్కసారి అను తల్లీ..." పాటలు, ముద్దుమాటలు, బతిమాలడాలు, అన్నీ నురగలా వాగులో కొట్టుకుపోతున్నాయి. చేపలు చుట్టూ చేరి వింటున్నాయి.

పగడమ్మ పిండడం ఆపేసింది. అమ్మ మాట ఒక్కటంటే ఒక్కటి పిల్లకి చేరలేదు. నా నేతే అడ్డం నిలబడింది, అనుకుంది.

ఇంటికెళ్ళి కూతురికి చెప్పింది. సింగారి గబుక్కున పాప కుళ్ళాయి లాగేసింది. అప్పుడే ఉరిమింది. పాప కెవ్వున అరిచి మంచం కిందికి దూరింది. మళ్ళీ తొడిగారు. ఆ తర్వాత చెవి దగ్గర చిన్న బెజ్జం కోసి చూశారు. ఉరుము మొత్తం ఆ బెజ్జంలోంచే దూరింది. పాప మళ్ళీ ఏడుపు.

"పెడితే మాట రాదు, తీస్తే ప్రాణం నిలవదు. ఏం చెయ్యనే అమ్మా?" అని సింగారి ఏడుస్తూనే రొట్టెలకి పిండి జల్లించసాగింది. పొట్టు పైన నిలిచింది. పిండి కిందికి రాలింది. పగడమ్మ ఆ జల్లెడవంకే చూసింది.

అప్పుడు సూది తీసుకుని వాకిట్లో కూర్చుని, ముందు ఆ బెజ్జం కుట్టేసింది. కుళ్ళాయిలో ఒక పోగు ఉంచి, ఒక పోగు లాగేసింది. ఒకటి ఉంచి, ఒకటి లాగింది. తన చేతి పనిలో అదే మేలైనది. లాగిన పోగులన్నీ ఒళ్ళో కుప్పేసుకుంది.

"అయ్యయ్యో వదినా, చేజేతులా చెడగొట్టుకుంటున్నావే! తడికలా చేసేశావు," అంది ఆదెమ్మ గోడ మీంచి.

"తడికే లేవే. తడిక అవతల్నుంచి పిలిస్తే వినపడదూ?" అంది పగడమ్మ, తల ఎత్తకుండానే.

కుళ్ళాయి తొడిగారు. ఢాం అని ఉరిమింది. పెద్ద చప్పుడు కదా, జల్లెడలో పొట్టులా పోగుల మధ్య ఇరుక్కుపోయింది. పాప కళ్ళు చికిలించింది, అంతే. అప్పుడు వెనకనుంచి సింగారి మెల్లిగా "జాజులూ" అంది. పాప తిరిగి చూసింది.

సింగారి పాప ముందుకొచ్చి కూర్చుంది. నోటికొచ్చింది చెప్పింది. "మన నల్లకోడి గుడ్డు పెట్టిందే. ఎక్కడనుకున్నావు? అమ్మమ్మ మగ్గం కింద."

పాప అమ్మ నోటివంకే చూసింది. పెదాలు ముడిచింది. "ఊఁ," అంది.

సింగారి చెబుతున్న మాట వదిలేసి పాపని ఒళ్ళోకి లాక్కుంది. పాప అమ్మ గడ్డం పట్టుకుని ఊపింది. "ఊఁ?" అంది మళ్ళీ.

"ఏమే, ఆగిపోయావు? పిల్ల అడుగుతోంది, తర్వాతేమైందో చెప్పు," అంది పగడమ్మ. ఆవిడ కళ్ళు తుడుచుకుంది కూడా ఆ లాగేసిన పోగులతోనే.

కథేమో కంచికి నడిచింది,
కునుకేమో కంటికి ఒరిగింది,
మనమేమో ఇంటికి చేరాం,
దుప్పట్లో ముడుచుకు దూరాం.